మూరమల్లె మహాశయుడు

అలంకారశాస్త్రం శృంగారనాయకులను నాలుగు తెగలుగా విడదీసింది: ఒక్కతెయందే మనసు నిలిపినవాడు అనుకూలుడు, పలువురిని సమంగా మెప్పించేవాడు దక్షిణుడు, తప్పును తీపిమాటల చాటున దాచేవాడు శఠుడు, తప్పు బయటపడినా సిగ్గుపడనివాడు ధృష్టుడు. విజయనగరంలో గాని శ్రీకాకుళంలో గాని సాయంత్రం ఆరు దాటాక, స్కూటరు కొక్కేనికి అరటాకు పొట్లం తగిలించుకుని, అది నలగకుండా మోకాళ్లు ఎడం చేసి ఇంటిదారి పట్టే నడివయసు ఉద్యోగిని ఈ నాలుగు గూళ్లలో ఎందులో కూర్చోబెట్టాలో లాక్షణికులు చెప్పలేదు. నడతలో అతడు నిఖార్సయిన అనుకూలుడు. మాటలు వింటే మాత్రం శఠుడేమోనని అనుమానం వస్తుంది. పొట్లంలోని సరుకును బట్టి ఇతణ్ణి మూరమల్లె మహాశయుడు అనుకోవచ్చు.

మూర అంటే మోచేతి నుంచి నడివేలి కొస దాకా ఉండే కొలత. చెయ్యి ఎవరిదన్నది శాస్త్రం తేల్చలేదు కనుక, పూలమ్మే మనిషి చెయ్యే ప్రమాణం. విజయనగరం గంటస్తంభం దగ్గర బుట్ట ముందు కూర్చున్న ముసలమ్మ దండను మోచేతి దగ్గర పట్టి, వేళ్ల దాకా సాగదీసి, చివరి రెండు వేళ్లను చడీచప్పుడు లేకుండా మడిచి, దారం పుటుక్కున తెంపుతుంది. మహాశయుడు అది చూస్తాడు. "మూర ఇంతేనా అప్పా?" అని అడిగితే "నా సెయ్యే ఇంత బావూ, ఏటి సెయ్యమంటావు?" అనే జవాబు ఏళ్ల తరబడి మారకుండా వస్తుంది. బియ్యం తూకంలో గుప్పెడు తగ్గితే కొట్టు ముందు పంచాయతీ పెట్టే మనిషి, నాలుగు వేళ్ల మల్లెపూలను మాత్రం మారుమాట లేకుండా వదులుకుంటాడు. ప్రేమ వ్యవహారంలో బేరమాడితే దోషమని ఇతడి నమ్మకం. బేరమాడినా నెగ్గలేననే ఎరుక కూడా అందులో కొంత ఉంది.

ఈ జాతి పుట్టుపూర్వోత్తరాలు వెతికితే బొంకులదిబ్బ దాకా పోవలసి వస్తుంది. 1892లో తొలిసారి రంగమెక్కి 1897లో అచ్చయిన గురజాడ 'కన్యాశుల్కం' తెర లేచేది విజయనగరం బొంకులదిబ్బ మీదే. అక్కడ నిలబడి మాటలల్లే గిరీశం తీపిమాటల విద్యలో ఈ ప్రాంతానికి ఆదిగురువు. అయితే గురుశిష్యులకు ఒక ముఖ్యమైన తేడా ఉంది. గిరీశం పూటకూళ్లమ్మ సొమ్ముతో బతుకుతూ, విధవ మీద తాను అల్లిన ఇంగ్లీషు పద్యాన్ని తన దగ్గర చదువుకునే వెంకటేశానికి వినిపిస్తూ, కానీ ఖర్చు లేకుండా ఆ కుర్రాడి అక్క బుచ్చమ్మ మనసు దాకా పాకినవాడు. పై లెక్కలో శఠుడూ ధృష్టుడూ కలిసిన మిశ్రమం. మహాశయుడి బొంకుకు రోజూ రొక్కం ఖర్చవుతుంది. ముప్పై ఏళ్ల కాపురం తరవాత, నడుంనొప్పికి అమృతాంజనం రాసుకుంటున్న ఇల్లాలిని "చందమామా" అని పిలవడం అతిశయోక్తే, అంటే ఉన్నదాన్ని మించి చెప్పే అలంకారమే. కాని ఆ మాటతో పాటు మల్లెలూ వస్తాయి గనుక ఆమె దాన్ని అబద్ధాల కింద జమకట్టదు. "చందమామ సంగతి సరేగానండి, బియ్యానికి పురుగు పట్టీసింది" అని ఊరుకుంటుంది.

గురజాడే 'కాసులు' అనే గేయంలో మరులు వేరు, ప్రేమ వేరు అని తేల్చాడు. మరులంటే వయసుతో వచ్చే మోహావేశం. ప్రేమంటే దాపరికం లేని స్నేహం. మహాశయుడి తికమక అంతా ఇక్కడే ఉంది. ఇతడికి దక్కింది ఆ స్నేహమే, అదీ పుష్కలంగా. దాన్ని దాని మామూలు బట్టల్లో వీధిలోకి తేవడానికి మొహమాటపడి, మరుల కాలం నాటి జరీపంచె కట్టి ఊరేగిస్తాడు. నిజంగా మరులున్న రోజుల్లో నలుగురిలో ఆమె ముఖం చూసి మాట్లాడే ధైర్యం ఇతడికి ఉండేది కాదన్నది వేరే సంగతి.

పాట విషయంలో ఇతడి ధీమా నేల మీది హక్కు వంటిది. 1919లో ఏర్పడిన విజయనగరం సంగీత కళాశాలలో ఘంటసాల చదువుకున్నాడు. సుశీల పుట్టింది ఈ ఊళ్లోనే. 1951 నాటి 'మల్లీశ్వరి'కి బాణీలు కట్టిన సాలూరి రాజేశ్వరరావుది సాలూరు దగ్గరి శివరామపురం. ఇందరి గాలి సోకినవాడికి గొంతు ప్రత్యేకంగా అక్కర్లేదని మహాశయుడి అభిప్రాయం. పల్లవి భద్రంగా ఎత్తుకుంటాడు. చరణం రాదు గనుక మళ్లీ పల్లవిలోకే దిగుతాడు.

ఇతడి ప్రతిభ పూర్తిగా వికసించేది భార్య శ్రీకాకుళంలోని పుట్టింటికి వెళ్లినప్పుడు. కాళిదాసు 'మేఘదూతం'లోని యక్షుడికి ఏడాది వియోగం, మధ్యలో ఎన్నో కొండలు. మహాశయుడికి నాలుగు రోజులు, మధ్యలో సుమారు 70 కిలోమీటర్లు. మేఘానికి బదులు ఇతడు నీలిరంగు ఇన్‌లాండ్ కవరును దూతగా పంపుతాడు. పైన "చి.ల.సౌ.", అంటే చిరంజీవి లక్ష్మీ సౌభాగ్యవతి అనే సంప్రదాయ సంబోధన, దాని కింద "ఉభయకుశలోపరి", అంటే ఇద్దరి క్షేమసమాచారాలు అయిన మీదట అని అర్థం, ఆ తరవాత వెన్నెల, నిట్టూర్పు, గ్యాసుబండ అయిపోయిన వైనం. చోటు చాలక, జిగురు రాసే అంచు మీద చీమతలకాయంత అక్షరాల్లో "నీవు లేని ఇల్లు ఇల్లు కాదు" అని ఇరికిస్తాడు. కవరు చించేటప్పుడు సరిగ్గా ఆ వాక్యమే చిరుగుతుంది. విరహంలో కార్శ్యం, అంటే శరీరం చిక్కిపోవడం, ఒక అవస్థగా శాస్త్రం చెప్పింది గాని, ఆ నాలుగు రోజులూ హోటల్లో పెసరట్టు ఉప్మా తినడం వల్ల ఇతడు కొంచెం ఒళ్లు చేస్తాడు. ఉత్తరం చేరేసరికి ఆమె తిరుగు బస్సెక్కి ఉంటుంది. దాన్ని బావమరిది పెద్దగొంతుతో చదువుతుండగా అత్తగారు పప్పు ఏరుతూ శ్రద్ధగా వింటుంది.

కుర్రకారు ఇతణ్ణి చూసి నవ్వుతారు, తరవాత చాటుగా వస్తారు. బెంగళూరులో కంప్యూటరు కొలువు చేసే మేనల్లుడు, తను మనసిచ్చిన పిల్లకు ఫోనులో ఎర్రగుండె బొమ్మలు పంపీ పంపీ విసిగిపోయి, "చేత్తో రాసిన ఉత్తరం కావాలంటోంది మావయ్యా, నాలుగు ముక్కలు రాసిపెట్టవా" అని చేతులు నలుపుకుంటాడు. బొమ్మ అందరికీ ఒకటే వెళుతుందని, కొట్టివేతలున్న కాగితం తన ఒక్కదాని కోసమే పుడుతుందని ఆ పిల్లకు తెలుసు; ఆ కొట్టివేతలు మేనమామవని మాత్రం తెలియదు. మహాశయుడు కళ్లజోడు సర్దుకుని "ఉభయకుశలోపరి" దగ్గర మొదలుపెడతాడు. మేనల్లుడు దాన్ని సొంత దస్తూరీలోకి ఎత్తి, ఫోటో తీసి, ఫోనులోనే పంపుతాడు.

వాసకసజ్జిక అంటే నాయకుడి రాక కోసం ఇంటినీ తననూ అలంకరించుకుని ఎదురుచూసే నాయిక. మహాశయుడి ఇల్లాలు ఎదురుచూసేది పాలపాకెట్టు కోసమని ఆమే చెబుతుంది. అయితే విజయనగరం పైడితల్లి జాతరలో సిరిమానోత్సవం నాడు జనంలో చిక్కుకుని, గొడుగూ పొట్లమూ పోగొట్టుకుని, రాత్రి తొమ్మిదింటికి ఇతడు వట్టి చేతులతో గుమ్మం ఎక్కితే, ఆమె పాల ఊసు ఎత్తదు. "ఏటండీ, ఈయేళ పువ్వులేవి?" అంటుంది. ఆ ఒక్క ప్రశ్నతో పొంగిపోయి మహాశయుడు మర్నాడు రెండు మూరలు కొని తెస్తాడు. ఆమె దండ అందుకుని, వంటింటి దీపం కింద నిలబడి, తన చేతి మీద ఒకసారి, మళ్లీ ఒకసారి కొలుస్తుంది. ఒకటిన్నర.