కక్కే బిడ్డకు, ముక్కు పట్టేసిన బిడ్డకు చేయకూడనివి

"బోర్లా పడుకోబెట్టమ్మా, కక్కినా గొంతుకి అడ్డం పడదు." బాలింతలకు చెప్పే సలహాల్లో ఇంతకన్నా ప్రమాదమైనది నాకు తెలియదు. వెల్లకిలా ఉన్నప్పుడు గాలిగొట్టం పైన, అన్నవాహిక దాని కింద ఉంటాయి. పైకొచ్చిన పాలు గాలిగొట్టంలోకి పోవాలంటే ఎగువకు ఎక్కాలి. బోర్లా తిప్పితే గాలిగొట్టమే కిందికొస్తుంది. నిద్రలో ఉన్నట్టుండి ఊపిరి ఆగిపోయే ముప్పూ బోర్లా పడుకునే పసివాళ్లకే ఎక్కువ. అమెరికాలో 1994లో వెల్లకిలా పడుకోబెట్టమని ప్రచారం మొదలుపెట్టాక, కొన్నేళ్లలో అలాంటి మరణాలు దాదాపు సగానికి తగ్గాయి. తల కింద దిండు పెట్టి ఎత్తు చేయడమూ వద్దు. గడ్డం ఛాతీకి ఆనితే ఊపిరి దారి మూసుకుపోతుంది.

అన్నవాహిక జీర్ణాశయంలో కలిసేచోట ఉండే కండరం తొలి నెలల్లో ఊరికే సడలుతుంటుంది, అందుకే పాలు పైకొస్తాయి. 4వ నెల ప్రాంతంలో ఇది ఎక్కువ. కూర్చోవడం వచ్చేకొద్దీ తగ్గుతూ, ఏడాది, ఏడాదిన్నరకల్లా చాలామందిలో పోతుంది. కక్కినా బరువు పెరుగుతూ, హుషారుగా ఉన్న బిడ్డకు మందు అక్కర్లేదు. "నీ పాలు పల్చన, అందుకే ఆగడం లేదు" అని తల్లిపాలు మాన్పించి డబ్బాపాలు పట్టిస్తారే, ఆ మాట అన్యాయం. కొంచెం కొంచెంగా పట్టి, మధ్యలో త్రేన్పు రానిచ్చి, తర్వాత 20, 30 నిమిషాలు భుజాన వేసుకుంటే చాలు.

చాలామంది గమనించనిది ఇంకొకటుంది. కక్కిన పాలు ముక్కు వెనక్కి చేరితే లోపలి పొర వాచి గురగుర మొదలవుతుంది. తొలి నెలల్లో పిల్లలు ప్రధానంగా ముక్కుతోనే ఊపిరి తీస్తారు. ముక్కు బిగుసుకున్న బిడ్డ తాగుతూ తాగుతూ వదిలేసి, గాలి మింగి, మళ్లీ కక్కుతుంది. కాబట్టి పాలు పట్టే ముందు మందుల షాపులో దొరికే సెలైన్ చుక్కలు ఒకటి రెండు వేసి మెత్తగా తుడిస్తే రెండూ కాస్త తెరిపిన పడతాయి.

కానీ మన ఇళ్లలో ఆ ముక్కులో పోసేది నూనె! లాలపోసేటప్పుడు ఒంటికి ఎంతైనా రాయండి, ముక్కు దగ్గర మాత్రం చెయ్యి ఆపండి. ఊపిరితిత్తుల్లోకి జారిన నూనె న్యుమోనియా తెస్తుంది. గొంతులో వేలు పెట్టి కఫం తీయడమూ, నోటితో ముక్కులోకి ఊదడమూ అంతే చేటు. తల ఆరడానికి వేసే సాంబ్రాణి పొగ, వాచిన ముక్కును ఇంకా వాచేలా చేస్తుంది. కర్పూరం నూరి రాస్తే ఫిట్స్ రావచ్చు. ఏడాది నిండకుండా తేనె నాకించొద్దు. పెద్దవాళ్ల ముక్కు చుక్కలు, జలుబు సిరప్‌లు అసలే వద్దు. రెండేళ్లలోపు పిల్లలకు దగ్గు, జలుబు మందులు ఇవ్వరాదని కేంద్ర ఆరోగ్యశాఖ 2025 అక్టోబరులో రాష్ట్రాలకు స్పష్టంగా చెప్పింది.

"పళ్లొచ్చే ముందు అందరూ ఇంతేలే" అనే ధైర్యం కొన్నిచోట్ల పనికిరాదు. ఆకుపచ్చగా గానీ, నెత్తురుతో గానీ కక్కినా, మూడు నుంచి ఆరు వారాల బిడ్డ ప్రతిసారీ చిమ్మినట్టు దూరంగా కక్కుతున్నా, బరువు తగ్గుతున్నా, డొక్కలెగరేస్తున్నా, రెండు నెలల్లోపు బిడ్డ నిమిషానికి 60 సార్లో అంతకు మించో ఊపిరి తీస్తున్నా, తెల్లారేదాకా ఆగకుండా ఆసుపత్రికి బయల్దేరండి.