చేతి మహిమ

నవంబరు చివరి వారం. సియోల్‌లో మాంగ్‌వొన్ మెట్రో స్టేషన్ బయట ఉదయం పదింటికల్లా ఉండమన్నారు. కొరియా ఇంటి వంట నేర్పే క్లాసుకి ఆ రోజు మేం ఆరుగురం: నేనూ మా ఆవిడా, ఆస్ట్రేలియా నుంచి వచ్చిన కుర్ర జంట, గుంటూరు దంపతులు.

గుంటూరాయన బ్యాంకులో చేసి రిటైరయ్యాడు. కొడుకు సువన్‌లో ఇంజనీరు. అమ్మానాన్నల్ని నెల రోజులకని పిలిపించుకున్నాడు. తనకి సెలవు దొరక్క ఇద్దర్నీ ఈ క్లాసుకి పంపాడు. మనిషికి 80,000 వోన్లు, మన డబ్బులో ఐదు వేల దాకా. ఆ సంగతి గుంటూరావిడ స్టేషన్ మెట్ల మీదే చెప్పేసింది.

"ఐదు వేలు పోసి పచ్చడి నేర్చుకోవడం మా ఇంటా వంటా లేదమ్మా," అంది మా ఆవిడతో. సరదా మనిషి. తెలుగు చెవిన పడగానే వచ్చి మా ఆవిడ చెయ్యి పట్టుకుంది. క్లాసు అయ్యేదాకా వదల్లేదు.

ఆ ఇంటమ్మాయి వచ్చి మమ్మల్ని వెంటబెట్టుకెళ్ళింది. నలభై దాటి ఉంటుంది, ఇంగ్లీషు ధారాళంగా మాట్లాడుతుంది. దారి మాంగ్‌వొన్ మార్కెట్ మధ్యలోంచి. దుకాణాల ముందు క్యాబేజీలు గుట్టలుగా పడున్నాయి. మన గుండ్రటి రకం కాదు. పొడుగ్గా, పైన లేతాకుపచ్చగా, మొదట్లో తెల్లగా ఉంటుంది. వల సంచుల్లో మూడేసి కట్టి అమ్ముతున్నారు. ముసలమ్మలు వాటిని తోపుడు బళ్ళ మీద ఈడ్చుకుపోతున్నారు.

చలి ముదిరేలోగా ఇంటిల్లిపాదీ కూర్చుని శీతాకాలానికి సరిపడా కిమ్చీ పెట్టేసుకోవడం అక్కడి ఆనవాయితీ. దాన్ని కిమ్‌జాంగ్ అంటారు. చుట్టాలూ ఇరుగుపొరుగూ వచ్చి చెయ్యి వేస్తారు, వెళ్ళేటప్పుడు తలో డబ్బా పట్టుకుపోతారు. 2013లో యునెస్కో ఈ ఆనవాయితీని మానవాళి వారసత్వ జాబితాలో చేర్చింది. ఇంటమ్మాయి ఆ మాట గర్వంగా చెప్పింది.

"మేం ఏటా ఎండాకాలం ఆవకాయ పెట్టుకోవడం లేదూ? మమ్మల్ని ఎవరూ అడగలేదే," అంది గుంటూరావిడ. ఇంటమ్మాయికి అర్థమయ్యేలా ఇంగ్లీషులో మళ్ళీ చెప్పింది. అందరం నవ్వాం.

ఇల్లు ఎర్ర ఇటుకల భవనంలో రెండో అంతస్తు. గుమ్మంలో చెప్పులు విడిచి లోపల అడుగు పెడితే నేల గోరువెచ్చగా ఉంది. అక్కడి ఇళ్ళలో నేల కింద గొట్టాల్లో వేడినీళ్ళు తిరుగుతుంటాయి. వంటగదిలో రెండు ఫ్రిజ్‌లు. ఒకటి మామూలుది, రెండోది ఒక్క కిమ్చీకే. పచ్చడికో ఫ్రిజ్ ఉండటం గుంటూరావిడకి బాగా నచ్చింది. "వింటున్నారా?" అంది భర్త వైపు తిరిగి. ఆయన కిటికీలోంచి బయటికి చూస్తున్నాడు.

లోపల ఇద్దరు ఆడవాళ్ళున్నారు. ఇద్దరికీ పొట్టిగా కత్తిరించి రింగులు తిప్పిన జుట్టు, ఒకే రకం పువ్వుల ఏప్రాన్లు. పెద్దావిడకి డెబ్బై దాటి ఉంటాయి. నడుం వంచి దణ్ణం పెట్టింది. చిన్నావిడ చేతులు తొట్టిలో ఉన్నాయి. అక్కణ్ణుంచే తలవంచి నవ్వింది.

"మా అమ్మ," అంది ఇంటమ్మాయి పెద్దావిణ్ణి చూపించి. రెండో ఆవిణ్ణి పరిచయం చేసేలోగా ఫోను మోగింది. మాట్లాడి వచ్చేసరికి ఆస్ట్రేలియా కుర్రాడు కిమ్చీ ఫ్రిజ్ తలుపు తీసి నిలబడ్డాడు. పరిచయం అక్కడికే ఆగిపోయింది.

గుంటూరావిడ ఆ వరస తనే కలిపేసింది. "తోడికోడళ్ళు. చూస్తే తెలియడం లేదూ? పెద్దావిడ చెబుతుంది, చిన్నావిడ చేస్తుంది. మా ఇంట్లో మా పెద్దక్కయ్యా నేనూ అచ్చం ఇంతే."

ఆ మాటలో అబద్ధం లేదు. పెద్దావిడ చెప్పేది, కూతురు అనువాదం చేసేది. పనంతా చిన్నావిడదే.

క్యాబేజీల్ని ముందు రాత్రే కల్లుప్పు చల్లి ఊరేశారు. నిలువుగా కోసేటప్పుడు కత్తి మొదలు దాకానే దించి, మిగతాది చేత్తో చీల్చాలట. మొత్తం కత్తితో కోస్తే లోపలి లేతాకులు తునిగి రాలిపోతాయి. ఉప్పు సరిగ్గా పట్టిందో లేదో చూడ్డానికి చిన్నావిడ ఒక ఆకు తీసి దాని తెల్లటి మందపు కాడని వేలి చుట్టూ వంచింది. టప్పుమని విరగలేదు. గుడ్డపేలికలా వంగింది. మమ్మల్ని కూడా ఒక్కొక్కళ్ళనీ వంచి చూడమంది.

తర్వాత కడగడం. ఒక తొట్టిలోంచి ఇంకో తొట్టిలోకి, అక్కణ్ణుంచి మూడో తొట్టిలోకి. ప్రతి తొట్టిలోనూ ఆకుకీ ఆకుకీ మధ్య వేళ్ళు పోనిచ్చి కడిగింది. మూడో తొట్టిలో నీళ్ళు తాగడానికి పనికొచ్చేలా ఉన్నాయి.

గుంటూరావిడ మా ఆవిణ్ణి మోచేత్తో పొడిచింది. "చూశావా అమ్మా? ఇంటి మనిషి చెయ్యి పడితే ఇలా ఉంటుంది. మా ఇంట్లో పనిపిల్ల కడిగిన గిన్నె నేను మళ్ళీ తొలవకుండా పొయ్యి ఎక్కించను."

ముద్దలో కలపాల్సినవన్నీ పళ్ళేల్లో సర్ది ఉన్నాయి. ముల్లంగి సన్నని తరుగు, ఉల్లికాడలు, వెల్లుల్లి, అల్లం, తురిమిన కొరియా పియర్ పండు, జిగురు బియ్యప్పిండితో కాచి చల్లార్చిన జావ, ఉప్పులో ఊరేసిన చిట్టి రొయ్యలు, నెత్తళ్ళు పులియబెట్టి తీసిన రసం. వీటన్నిటి మధ్యా ఒక పెద్ద గిన్నెడు కారం, గింజలు తీసేసి బరకగా దంచింది. దాని పేరు గోచుగారు. బ్యాంకాయన ఒక్కడే నవ్వాడు.

గుంటూరావిడ చిటికెడు తీసి నాలిక మీద వేసుకుంది. మేమంతా ఆవిడ మొహం చూస్తున్నాం.

"ఇదేం కారం? బ్యాడిగ కాయలా రంగే తప్ప ఘాటు లేదు," అంది. "మా ఊళ్ళో దీన్ని పసిపిల్లలకి అన్నప్రాశన నాడు పెట్టొచ్చు." ఇంకో చిటికెడు వేసుకుంది, కళ్ళార్పకుండా. ఆస్ట్రేలియా అమ్మాయి చప్పట్లు కొట్టింది.

మిరపకాయ ఇటు గుంటూరుకీ అటు సియోల్‌కీ కూడా అమెరికా ఖండం నుంచి వచ్చిందే. పదహారో శతాబ్దానికి ముందు రెండు చోట్లా దాని మొహం చూసినవాళ్ళు లేరు. గుంటూరావిడ ముందు ఆ సంగతి నేను ఎత్తలేదు.

మా ఆవిడ శాకాహారి. బుక్ చేసేటప్పుడు రాశాం కానీ, అది ఎవరి చెవిన పడిందో లేదో అని ఆవిడ భయం. అడిగేలోగానే చిన్నావిడ వేరే గిన్నె తెచ్చి ముందు పెట్టింది. రొయ్యలూ నెత్తళ్ళ రసం బదులు సముద్రపు నాచూ ఎండు పుట్టగొడుగులూ మరిగించిన నీళ్ళు, సోయా రసం. కలపబోతూ ఆగి తన ఎర్ర రబ్బరు గ్లవ్స్ విప్పేసి, సొరుగులోంచి కొత్త జత తీసి తొడుక్కుంది. ఎవరూ చెప్పలేదు. రొయ్యల చెయ్యి ఈ గిన్నెలో పడకూడదని. మా ఆవిడ ఆ తర్వాత భయపడటం మానేసింది.

ముద్దని ఆకుల మధ్య పట్టించడం తేలికగా కనిపిస్తుంది. కాదు. కింది ఆకు నుంచి మొదలుపెట్టి, ఒక్కో ఆకూ ఎత్తి, కాడ దగ్గర ఎక్కువ, కొస దగ్గర తక్కువ పూస్తూ రావాలి. అన్నీ అయ్యాక అన్నిటికన్నా బయటి ఆకుతో మొత్తాన్ని చుట్టి మూట కట్టినట్టు బిగించాలి. గుంటూరావిడ మొదటిసారి చుట్టింది విడిపోయి ముద్దంతా బల్ల మీద పడింది. చిన్నావిడ వెనక నుంచి వచ్చి, ఆవిడ రెండు మణికట్లూ పట్టుకుని, ఆ చేతుల చేతే చుట్టించింది. ఈసారి నిలిచింది.

అప్పుడు జరిగింది ఇది. చిన్నావిడ గ్లవ్ విప్పేసింది. క్యాబేజీ నడిమధ్య నుంచి లేత పసుపు ఆకొకటి తుంచింది. కాస్త ముల్లంగి తరుగు అందులో పెట్టి, మూడు వేళ్ళతో చుట్టి, ఎడమ అరచెయ్యి కింద పట్టి గుంటూరావిడ నోటి దగ్గరికి తెచ్చింది. కిమ్చీ పెట్టిన రోజు మొదటి ముద్ద ఇలా పక్కవాళ్ళ నోటికి అందించడం అక్కడి అలవాటని ఇంటమ్మాయి చెప్పింది.

గుంటూరావిడ నోరు తెరిచింది. నమిలింది. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

"మా అమ్మ పోయాక నా నోట్లో ఇలా ముద్ద పెట్టిన మనిషి లేదమ్మా," అంది మా ఆవిడతో. తర్వాత వెంటనే, "ఏవండీ, ఫొటో తీశారా?"

తియ్యలేదు. ఇంకో ముద్ద చుట్టాల్సి వచ్చింది. ఈసారి ఆయన తీశాడు. అరచెయ్యీ, వేళ్ళూ, తెరిచిన నోరూ అన్నీ పడ్డాయి. ఆవిడ ఫొటో చూసుకుని, "వేళ్ళకి అంటిన ఎరుపు కూడా ఎంత బాగా పడిందో," అని అక్కడికక్కడే చుట్టాల గ్రూపులో పెట్టించింది. కింద ఏం రాయమంటావని ఆయన అడిగితే, "చేతి మహిమ అని రాయండి," అంది.

తర్వాత చిన్నావిడ మా అందరికీ తలో ముద్దా పెట్టింది. మా ఆవిడకి ఆ వేరే గిన్నెలోంచి.

భోజనానికి అందరం ఒకే పొట్టి బల్ల చుట్టూ నేల మీద కూర్చున్నాం. కిమ్‌జాంగ్ నాడు కొత్త కిమ్చీతో ఉడికించిన పంది మాంసం తింటారు. గుంటూరావిడ పంది మాంసం ముట్టదు. పక్కనే కూర్చున్న చిన్నావిడ అది కనిపెట్టి, గుడ్డు అట్టు ముక్కలు రెండు తన చాప్‌స్టిక్స్‌తో తీసి ఆవిడ అన్నం మీద పెట్టింది. కొత్త కిమ్చీ మాత్రం గుంటూరావిడ ఇక వేసుకోలేదు. కారం లేని కూర నోటికి ఆనదట. సోయా ముద్దతో కాచిన టోఫూ పులుసు మాత్రం వడ్డించుకుని మరీ తింది. చివర్న సిఖ్యే ఇచ్చారు. అన్నాన్ని మొలకెత్తిన బార్లీ నీళ్ళలో నానేసి తీసే చల్లటి తియ్యటి పానీయం, పైన మెతుకులు తేలుతుంటాయి. గుంటూరావిడ రెండు గిన్నెలు తాగింది.

ఆస్ట్రేలియా కుర్రాడు ఒక ప్రశ్న వేశాడు. హోటళ్ళలో ఇచ్చే కిమ్చీ ఇలా ఉండదేం అని.

"హోటళ్ళలో చాలామటుకు చైనా ఫ్యాక్టరీల నుంచి వచ్చేదే," అంది ఇంటమ్మాయి. "చవక. ఆ మాటకొస్తే మా ఇంటి కిమ్చీ కూడా చైనాదే." అని నవ్వింది.

"అదేమిటి?" అంది గుంటూరావిడ.

ఇంటమ్మాయి చిన్నావిడ భుజం మీద చెయ్యి వేసింది. ఈమెది యెన్‌బెన్ అని చెప్పింది. ఉత్తర కొరియా సరిహద్దుకి అవతల, చైనాలో. తాతల కాలంలో ఇక్కణ్ణుంచి వలస వెళ్ళిన కొరియా కుటుంబం. 1992లో చైనాకీ దక్షిణ కొరియాకీ సంబంధాలు కుదిరాక అక్కడివాళ్ళు చాలామంది పనుల కోసం ఇటు వచ్చారు. హోటల్ వంటగదుల్లో, ఆసుపత్రుల్లో రోగుల దగ్గర, ఇళ్ళల్లో. ఈమె మా ఇంటికి వారంలో మూడు రోజులు వస్తుంది. నేల తుడుస్తుంది, బట్టలు చూస్తుంది, బాత్‌రూమ్‌లు కడుగుతుంది. అమ్మకి మణికట్టు నొప్పి మొదలయ్యాక కిమ్చీ కలపడం కూడా ఈమెకే అప్పగించాం. ఆ చెయ్యి నాకు రాలేదు, మా వదినకీ రాలేదు అంటుంది అమ్మ.

పెద్దావిడ అవునన్నట్టు తలూపి ఏదో అంది. చిన్నావిడ సిగ్గుపడి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"వెరీ నైస్," అంది గుంటూరావిడ. గిన్నె కింద పెట్టి లేచింది. సింక్ దగ్గరికెళ్ళి కుళాయి తిప్పింది. పుక్కిలించిన చప్పుడు బల్ల దాకా వినిపించింది. ఆగి, మళ్ళీ పుక్కిలించింది. మళ్ళీ.

"ఏమైందోయ్?" అన్నాడు బ్యాంకాయన.

"కారం," అంది ఆవిడ కొంగుతో మూతి తుడుచుకుంటూ. "నోరు మండిపోతోంది."

ఇంటమ్మాయి ఆ మాట కొరియన్‌లో చెప్పింది. చిన్నావిడ గాభరాగా లేచి చల్లటి నీళ్ళు గిన్నెలో పోసి, రెండు చేతులా పట్టుకుని తెచ్చింది. వంగి ఏదో అంది. కారం ఎక్కువ వేశాను, తప్పు నాదేనంటోందని ఇంటమ్మాయి చెప్పింది. గుంటూరావిడ అక్కర్లేదని చెయ్యి ఊపి, సంచిలోంచి తమ నీళ్ళ సీసా తీసి ఎత్తి పోసుకుంది.

ఆ ముద్ద తిని అప్పటికి గంట దాటింది.