పాట కట్టే తమ్ముడికి అందే చెడ్డ సలహాలు

శుక్రవారం సెలవుకు ఖతార్‌లోని ఏషియన్ టౌన్ చేరే మన కుర్రాళ్లలో పాట కట్టాలన్న తపన ఉన్నవాళ్లున్నారు. లాప్‌టాప్, హెడ్‌ఫోన్స్ ఉంటే క్యాంపు రూమే స్టూడియో. వాళ్లకు సలహాలిచ్చేవాళ్లకూ కొదవ లేదు.

‘యాంటీవైరస్ ఆపేసి ఇన్‌స్టాల్ చెయ్, క్రాక్ నడుస్తుంది.’ అన్నిటిలోకీ ముంచేది ఇదే. 2019లో ఈసెట్ అనే భద్రతా సంస్థ లౌడ్‌మైనర్ అనే మాల్‌వేర్‌ను బయటపెట్టింది. ఒకే సైటులో కాంటాక్ట్, ఆటోట్యూన్, నెక్సస్ లాంటి 137 మ్యూజిక్ ప్రోగ్రాముల దొంగ కాపీలు పెట్టారు. ప్రోగ్రాము బాగానే పనిచేసేది. దాంతోపాటు లోపలికొచ్చిన వర్చువల్ మెషీన్ మాత్రం వేరెవడికోసమో మొనేరో అనే క్రిప్టో తవ్వుతూ ఉండేది. సంగీతం చేసేవాళ్ల కంప్యూటర్లు గట్టివి. ప్లగిన్లు పెరిగితే ఫ్యాన్ హోరెత్తడం మామూలే కనుక ఎవరికీ అనుమానం రాదు. దొంగలకు కావలసింది అదే.

‘మ్యాక్‌కు వైరస్ రాదు.’ 2020లో ఏబుల్టన్ లైవ్, మిక్స్‌డ్ ఇన్ కీ దొంగ కాపీల్లో దూరిన ఎవిల్‌క్వెస్ట్ అనే మాల్‌వేర్ మ్యాక్‌లోని ఫైళ్లకు తాళం వేసి 50 డాలర్లు అడిగింది. ఫైళ్లను బయటికి పంపింది కూడా. తమ్ముడూ, నీ పాస్‌పోర్ట్ స్కాన్, ఇంటికి డబ్బు పంపే అకౌంటు పాస్‌వర్డ్ ఆ లాప్‌టాప్‌లోనే ఉన్నాయి కదా!

‘నెట్ తీసేసి వాడుకో.’ పాట యూట్యూబ్‌కి ఎక్కించేటప్పుడు నెట్ పెట్టక తప్పదు.

‘ఇక్కడెవరు పట్టుకుంటారు?’ ఖతార్ 2014 సైబర్ నేరాల చట్టంలో మేధోహక్కుల ఉల్లంఘనకు 3 ఏళ్ల వరకు జైలు, 5 లక్షల రియాళ్ల వరకు జరిమానా ఉన్నాయి. వీసా మీద బతికేవాడికి కేసు పడడమే పెద్ద దెబ్బ.

‘కొనాలంటే లక్షలు.’ ఇది పచ్చి అబద్ధం. ఎఫ్‌ఎల్ స్టూడియో ట్రయల్‌లో పాట మొత్తం కట్టి ఎమ్‌పీ3 తీసుకోవచ్చు. సేవ్ చేసిన ప్రాజెక్టు మళ్లీ తెరుచుకోదు, అదొక్కటే ఇబ్బంది. కొన్నవాళ్లకు అప్‌డేట్లు జీవితాంతం ఉచితం. రీపర్ 60 రోజులు పూర్తిగా వాడి చూడొచ్చు. ఆపై చిన్న సంపాదన ఉన్నవాళ్లకు లైసెన్సు 60 డాలర్లు, అంటే దాదాపు 218 రియాళ్లు. బ్యాండ్‌ల్యాబ్ అయితే ఫోన్‌లోనే ఉచితంగా నడుస్తుంది.

ఇప్పటికే క్రాక్ వేసుకుని ఉంటే ఈ వారమే ట్రాకులన్నీ విడివిడిగా వేవ్ ఫైళ్లుగా తీసి పెట్టుకో. లాప్‌టాప్ ఫార్మాట్ చేసి విండోస్ మళ్లీ వెయ్. బ్యాంకు, ఈమెయిల్ పాస్‌వర్డ్‌లు నీ ఫోన్ నుంచే మార్చు, ఆ లాప్‌టాప్ నుంచి మాత్రం వద్దు.