యహోమ అనగానేమి?

మా పాప పేరు యహోమ. చదవగానే మీకు కలిగిన అనుమానమే నంద్యాలలో అందరికీ కలిగింది. అర్థం మాత్రం అడక్కండి. అడిగితే ఈయన చెప్పేస్తాడు, అదే అసలు బాధ అంటుంది మా ఆవిడ.

మాది నంద్యాల, అత్తగారిది ఆళ్లగడ్డ. రోడ్డు మీద నలభై కిలోమీటర్లే గానీ దేవుళ్ల దగ్గరికొస్తే దూరం చాలా ఎక్కువ. మా వైపు నవనందులు. ప్రథమనంది, నాగనంది, సోమనంది ఊళ్లోనే ఉన్నారు, మహానంది నల్లమల అంచున ఉంది. అందుకే మా వంశం నిండా మహానందయ్యలు, నందీశ్వరులు. వాళ్ల వైపు అహోబిలం, నవనారసింహులు. కాబట్టి ఓబులేసులు, ఓబులమ్మలు, చెంచమ్మలు. ఒకప్పుడు ఆళ్లగడ్డ బస్టాండులో “ఓబులేసూ” అని కేకేస్తే సగం బస్సు దిగేదంటాడు మా మామ. ఆ చుట్టుపక్కలే మద్దిలేటి స్వామి పేరిట మద్దిలేట్లు, దర్గా మొక్కుల పేరిట దస్తగిర్లు. దస్తగిరి అని పేరు వినబడితే ఆ మనిషిది ఏ మతమో చెప్పడం మా సీమలో ఎవరి వల్లా కాదు. ఈ పేర్లకు అర్థం అడిగినవాడూ లేడు. మొక్కుకున్నారు, పుట్టినాడు, పెట్టినారు.

పాప పుట్టింది రోహిణి ఒకటో పాదంలో. అక్షరం “ఓ” అన్నాడు పురోహితుడు. ఇంకేముంది, ఆళ్లగడ్డలో పండగ. అహోబిలేశుడే అక్షరం రాసి పంపించినాడు, ఓబులమ్మ అని పెట్టాల్సిందే అన్నారు. మా జేజి ఊరుకుంటుందా? “పిల్ల పుట్టింది మీ ఇంట్లో గానీ ఇంటిపేరు మాది” అని మహానందమ్మను ముందుకు తెచ్చింది.

నాకు రెండూ నచ్చలేదు. పైకి మాత్రం ఇద్దరిలో ఎవరినీ నొప్పించలేనన్నాను. అసలు సంగతి ఏమంటే, రేపు అమెరికాలో నా కూతురు ఓబులమ్మనని చెప్పుకోవాల్సి వస్తుందేమోనని నా భయం. అప్పటికి పాపకు తల నిలవడం లేదు, నాకు పాస్‌పోర్టు లేదు. అయినా కాలం మారిందని వాదించాను. ఆళ్లగడ్డ రాజకీయాల్లోనే చూడండి, భూమా నాగిరెడ్డి బిడ్డలు అఖిలప్రియ, మౌనిక, జగత్ విఖ్యాత్. ఒక్క తరంలో నాగి నుంచి విఖ్యాత్ దాకా వచ్చినప్పుడు మేమే ఎందుకు ఓబులం దగ్గర ఆగిపోవాలి?

బారసాల దగ్గరపడింది. జనన మరణాల నమోదు చట్టం, 1969 చదివాను. పుట్టుక పేరు లేకుండానే నమోదు చేయించుకోవచ్చు, పన్నెండు నెలల్లోపు పేరు రాయిస్తే రుసుం లేదు, రుసుం కట్టుకుంటే పదిహేనేళ్ల దాకా గడువుంది అని మా ఆవిడకు ఫోన్లో వివరించాను. “అందాకా దీన్ని బేబీ ఆఫ్ అని పిలవమంటారా?” అని పెట్టేసింది.

ఆ రాత్రే నాకు యాగంటి స్ఫురించింది. రెండు వైపులవాళ్లూ పోయే క్షేత్రం, ఎవరి సొత్తూ కాదు. అక్కడి బసవన్న ఏటేటా పెరుగుతాడని నమ్మకం, మా ఇంటి పేచీ కూడా అట్లాగే పెరుగుతోంది. యాగంటి నుంచి యా, అహోబిలం నుంచి హో, మహానంది నుంచి మ. అహోబిలాన్ని ముందు పెడితే మా జేజి అలుగుతుంది, మహానందిని ముందు పెడితే అత్తగారు అలుగుతుంది, కాబట్టి తటస్థుడు ముందు. యాహోమ! నన్ను నేనే మెచ్చుకుని పడుకున్నాను.

పొద్దున్నే మా తమ్ముడు “యాహూ మెయిలా అన్నా?” అన్నాడు. దీర్ఘం తీసేశాను. తీసేసరికి పేరు యెహోవాకు దగ్గరైంది. నంద్యాలలో హోలీ క్రాస్ కెథడ్రల్ అంత పెద్ద చర్చి ఉన్నప్పుడు ఈ సంగతి ముందే తట్టాల్సింది. పక్కింటి ఆంటీ స్వీటు అందుకుని, నా చేయి పట్టుకుని, ఎంతో ప్రేమగా “మీరెప్పుడొచ్చినారు నాయనా ప్రభువులోకి?” అనింది. జేజి లోపలి నుంచి అంతా విన్నది. ఆ వారమంతా నా కంచంలో సంగటి పడింది గానీ దాని పక్కన పప్పు పడలేదు.

అర్థం కావాలన్నారు. మామ రిటైరైన తెలుగు పండితుడు. ఆయన ముందు నేను ధైర్యంగా “యః, హోమ, అంటే హోమం వంటిది, పవిత్రమైనది” అన్నాను. ఆయన కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. అది చెడ్డ సూచన. “యః అంటే ఎవడు అని. పుంలింగం. హోమః అదీ పుంలింగమే. ఆడబిడ్డకు రెండు పుంలింగాలు తగిలించినావు. పోనీ సంధి చేసినా యోహోమ అవుతుంది గానీ యహోమ కాదు. ఆ పైన వాక్యం కూడా పూర్తి కాలేదు. ఏ హోమమో, ఆ హోమం ఏమైందో చెప్పాలి గదా అల్లుడా?”

నేను గోరాను అడ్డం పెట్టుకున్నాను. విజయవాడ నాస్తికోద్యమ నాయకుడు గోరా ఉప్పు సత్యాగ్రహం జరిగిన 1930లో పుట్టిన కొడుక్కి లవణం అని, రెండో ప్రపంచయుద్ధం మొదలైన 1939లో పుట్టిన కొడుక్కి సమరం అని, తొమ్మిదో సంతానానికి హిందీ లెక్కలో నౌ అని పెట్టలేదా? లోకం లవణాన్ని గౌరవించలేదా, డాక్టర్ సమరం దగ్గర ఆరోగ్య సలహాలు తీసుకోలేదా? మామ ఒప్పుకున్నాడు. ఒప్పుకునే, “వాళ్లింట్లో అర్థం ముందు పుట్టింది, పేరు తర్వాత పుట్టింది. నువ్వు పేరును కనేసి, దానికి తండ్రిని వెతుకుతాండావు” అన్నాడు.

ఇంటికొచ్చి మా ఆవిడ మీద ఇంగ్లీషు సాహిత్యం ప్రయోగించాను. వెనెస్సా అనే పేరు మొదట లోకంలో లేదు. జోనాథన్ స్విఫ్ట్ తన స్నేహితురాలు ఎస్తర్ ఇంటిపేరులోని మొదటి ముక్క “వాన్” తీసుకుని, ఎస్తర్‌ను ముద్దుగా కుదించి దానికి అతికించాడు. అచ్చం నా పద్ధతే. ఇవాళ ప్రపంచమంతా వెనెస్సాలే. ఆమె పాపకు పాలు పట్టడం ఆపకుండానే “ఆయన పద్యంలో పెట్టుకున్నాడు. బళ్లో చేర్పించలేదు” అనింది.

ఆళ్లగడ్డ శిల్పుల పేరు మీకు తెలిసే ఉంటుంది. ఎక్కడెక్కడి గుళ్లకో అక్కడి నుంచే విగ్రహాలు పోతాయి. మా గేటుకు నల్లరాతి పలక మీద పాప పేరు చెక్కించాలని ఒక శిల్పి దగ్గరికి పోయి, కాగితం మీద రాసిచ్చాను. ఆయన భక్తిగా రెండుసార్లు చదివి, “కొత్తగా వింటాండాం సార్. ఉగ్రరూపమా, శాంతరూపమా? చేతులు నాలుగా, ఎనిమిదా? ధ్యానశ్లోకం ఉంటే రాసియ్యండి, కొలతలు దాన్ని బట్టే తీస్తాం” అన్నాడు. ఆ వేళకు పాప ఏడుస్తూ ఉంటుంది కాబట్టి ఉగ్రరూపమని చెబుదామనుకున్నాను. పలక చాలన్నాను. అప్పుడాయన ముఖంలో కనబడిన నిరాశ నాకు ఇంకా గుర్తుంది. గేటుకు పలకైతే ఉంది. కొరియర్ కుర్రాడు మాత్రం అది కంపెనీ పేరనుకుని జీఎస్టీ నంబరు అడుగుతాడు.

నంద్యాలలో పేర్లు లేక కాదు. నరసింహ ఒక్కటే చూడండి. ఉయ్యాలవాడ నరసింహారెడ్డి కుంఫిణీ మీద తిరగబడితే 1847లో కోవెలకుంట్లలో ఉరి తీశారు. ప్రధాని పి.వి.నరసింహారావును 1991 ఉపఎన్నికలో లోక్‌సభకు పంపింది నంద్యాలే. మా ఊరి వ్యవసాయ పరిశోధన స్థానంలో పుట్టిన పత్తి రకానికీ నరసింహ అనే పెట్టారు. ప్లాస్టిక్ పైపులకు నంది పేరు పెట్టి ఎస్.పి.వై.రెడ్డి ఊళ్లూళ్లకూ పంపాడు. బిడ్డలకు మేం వద్దనుకున్న పేర్లను పత్తీ పైపులూ మోస్తున్నాయి. వాటికి అమెరికా పోయే ఆలోచన లేదు కాబోలు.

ఇంతకీ యహోమను యహోమ అని పిలిచేది నేనొక్కణ్ణే. సెలవులకు ఆళ్లగడ్డ పోతే ఓబులమ్మ, నంద్యాలలో నందమ్మ, తల్లికి బంగారి. బళ్లో టీచరమ్మ హోమా అంటుంది. నేను యహోమా అని పిలిస్తే ఏదో తిట్టారని బిడ్డ తల్లి దగ్గరికి పరుగెత్తుతుంది.

రెండో బిడ్డ పుట్టినప్పుడు నన్ను ఆ ఛాయలకు రానివ్వలేదు. పేరు పెట్టే బాధ్యత మామ తీసుకున్నాడు. శాస్త్రం, సంధి, లింగం, అక్షరం, ఏదీ తప్పకూడదని పురోహితుడి ముందే శపథం పట్టాడు. పిల్లాడిది హస్త మూడో పాదం. అవకహడ చక్రంలో దానికి వచ్చే అక్షరం “ణ”. నకారంతో సర్దుకుందాం లెండి, అందరూ చేసేదే అన్నాడు పురోహితుడు. సర్దుకోవడమా, మా మామనా!

మధ్యాహ్నం భోజనాలయ్యాక చూస్తే ఆయన వసారాలో నిఘంటువు ముందేసుకుని కూర్చున్నాడు. ఢకారం అయిపోయింది. పేజీ తిప్పాడు, తకారం వచ్చింది. వెనక్కి తిప్పాడు. మళ్లీ ముందుకు తిప్పాడు. రెండు పేజీలు అంటుకున్నాయేమోనని వేలు తడి చేసుకుని విడదీసి చూశాడు. నేను ఎదురుగా కుర్చీ వేసుకుని, వక్కపొడి నములుతూ, ఏమీ మాట్లాడకుండా కూర్చున్నాను. అట్లా కూర్చోవడంలో ఇంత సుఖం ఉంటుందని నాకు అంతవరకు తెలియదు.

చివరికి ఆయన కళ్లజోడు తీసి తుడుచుకుని, గొంతు బాగా తగ్గించి అడిగాడు.

“అల్లుడా, ణతో మొదలయ్యే క్షేత్రం మనవైపు ఏదన్నా ఉందా?”