పది షిల్లింగులు

బౌద్ధనగర్‌లో ఆ మేడ మీద రెండు గదులున్నాయి. రెండూ ఒకే కొలత. దేనికి దానికే ఒక కిటికీ, రెండిటికీ కలిపి ఒకే బాత్‌రూమ్. యూనివర్సిటీకి నడిచి వెళ్లొచ్చు కాబట్టి ఎక్కువ రోజులు ఖాళీగా ఉండవు.

ఇంటాయన రైల్వేలో చేసి రిటైరయ్యారు. లెక్క తప్పని మనిషి. పాలు, పేపరు, కరెంటు, అద్దెలు అన్నీ ఒకే నోటు పుస్తకంలో రాస్తారు. మొదటి గదిలో గ్రూప్-2కి చదువుకుంటున్న ఖమ్మం కుర్రాడున్నాడు. పుస్తకంలో అతని పద్దు: 'మొదటి గది. 6,000. అడ్వాన్సు ఒక నెల.'

ఆదివారం పొద్దున రెండో గదికి ఒకతను దిగాడు. దక్షిణాఫ్రికా కుర్రాడు. చేతిలో సూట్‌కేసు, భుజాన కీబోర్డు. అద్దె సంగతి బ్రోకరు ముందే మాట్లాడి పెట్టాడు. కుర్రాడు డబ్బు కవరు టీపాయ్ మీద పెట్టాడు. ఇంటాయన దాన్ని నోటు పుస్తకం కిందికి జరిపి, కూర్చోమన్నారు. ఇంటావిడ టీ తెచ్చారు.

"రాత్రిళ్లు వాయిస్తావా?" అని ఇంగ్లీషులో అడిగారు ఇంటాయన.

"హెడ్‌ఫోన్స్ పెట్టుకుంటాను అంకుల్. సినిమాలకి సంగీతం చేయాలని నా కోరిక."

టీవీలో మనవడు తెలుగు 'లయన్ కింగ్' చూస్తున్నాడు. పుంబా బ్రహ్మానందం గొంతుతో, టిమోన్ అలీ గొంతుతో మాట్లాడుకుంటున్నారు. కుర్రాడు టీవీ వైపు చూపించాడు.

"1994లో ఈ కథ మొదటిసారి సినిమాగా వచ్చినప్పుడు, సూర్యోదయం మీద లేచే ఆ గొంతు మా లెబో ఎం గారిది. సొవెటోలో పుట్టారు. హాన్స్ జిమ్మర్ పక్కన కూర్చుని ఆ సినిమాకి మా పాట పట్టుకొచ్చారు. ఆయనలా అవ్వాలని ఉంది."

మనవడు సింహం పాట కూనిరాగం అందుకున్నాడు. కుర్రాడు కింది స్వరం కలిపాడు. పిల్లవాడు టీవీ వదిలి వచ్చి అతని పక్కన కూర్చున్నాడు.

"ఇదీ లెబో గారిదేనా?"

"కాదు అంకుల్. ఇది సాలమన్ లిండా పాట."

కుర్రాడు చెబుతుంటే ఇంటాయన భార్యకి తెలుగులో చెబుతూ వచ్చారు.

లిండా జూలూ పల్లెలో పశువులు కాసినవాడు. పని కోసం జొహానెస్‌బర్గ్ వచ్చాడు. రికార్డులు తయారుచేసే చోట వాటిని ప్యాక్ చేసే పని దొరికింది. 1939లో ఆ కంపెనీ స్టూడియోలోనే తన బృందంతో 'ఎంబూబే' పాడాడు. ఆ మాటకి జూలూలో సింహం అని అర్థం. మూడోసారి పాడుతున్నప్పుడు, పాట చివర, అప్పటికప్పుడు ఒక రాగం తీశాడు. ఇప్పుడు లోకమంతా పాడుకుంటున్నది ఆ రాగమే. అమెరికాలో దానికి ఇంగ్లీషు మాటలు కట్టారు. 1961లో అక్కడ నంబర్ వన్ అయింది. అక్కణ్నుంచి సినిమాలోకి వచ్చింది.

"అతనికెంత ముట్టింది?"

"పది షిల్లింగులు."

ఇంటావిడ భర్త వంక చూశారు. "పదా?"

"పదే" అన్నారాయన.

1962లో లిండా చనిపోయేనాటికి బ్యాంకులో పాతిక డాలర్లు కూడా లేవు. సమాధికి రాయి పెట్టడానికి పద్దెనిమిదేళ్లు పట్టింది. కూతుళ్లు 2004లో కోర్టుకెక్కారు. 2006లో రాజీ కుదిరింది.

"మరి అతను ఎక్కువ అడగలేదా?"

"నగరానికి కొత్త కదా అంకుల్. ఎంత అడగాలో ఎవరు చెబుతారు? వాళ్లు చెప్పిందే రేటు."

ఇంటావిడ కొంగుతో కళ్లు ఒత్తుకున్నారు. ఇంటాయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత కుర్రాడి భుజం మీద చెయ్యి వేశారు.

"ఊరుగాని ఊరొచ్చినవాడు కనిపిస్తే చాలు, ఒలుచుకు తింటారు. వాళ్లకసలు అన్నమెలా సయిస్తుందో!"

కుర్రాడు దండం పెట్టి, కీబోర్డు తీసుకుని మేడ మీదికి వెళ్లాడు. పిల్లవాడు సింహం పాట పాడుకుంటూ మెట్ల దాకా వెంట వెళ్లాడు.

ఇంటాయన కవరు విప్పారు. వేలు తడి చేసుకుంటూ నోట్లు రెండుసార్లు లెక్కపెట్టారు. సరిపోయాయి. కళ్లజోడు తుడిచి పెట్టుకుని, ఖమ్మం కుర్రాడి పద్దు కింద రాశారు:

'రెండో గది. 12,000. అడ్వాన్సు ఆరు నెలలు.'