పాలసీసా

పక్కింటి మామ్మగారి వంటింటి కిటికీలో ఒక గాజు పాలసీసా ఉంటుంది. మూతి దగ్గర చిన్న పెచ్చు లేచిపోయిన పాత సీసా. మార్చి వస్తే అందులో పసుపు డాఫొడిల్స్ పెడతారావిడ, మిగతా రోజుల్లో పెరట్లోంచి తెంపిన ఏదో ఒక రెమ్మ. సీసా పొట్ట మీద మూడు కోటలు, మూడింటి నెత్తినా మంటలు. అది డబ్లిన్ నగర ముద్ర. దాంతోపాటు డబ్లిన్ మిలీనియం అనీ, 1988 అనీ అక్షరాలు. కడిగి కడిగి రంగు సగం పోయింది.

మా అమ్మాయికి ఆ ఇంట్లో చనువెక్కువ. మేం కొట్టు కట్టేసి ఇంటికి వచ్చేసరికి ఏడు దాటుతుంది. అప్పటిదాకా ఆ వంటింటి బల్ల దగ్గరే కూర్చుని హోంవర్క్ చేసుకుంటుంది. ఆవిడ ఐరిష్ మనిషి, డెబ్బై దాటాయి. మా ఇంట్లో మామ్మ అని పిలుస్తామని తెలిశాక, తనే ఫోన్ చేసి "మామ్మని మాట్లాడుతున్నా" అనడం మొదలుపెట్టారు.

ఆ ఏడాది బళ్లో ఐదో తరగతి పిల్లలకి ఒక ప్రాజెక్టు ఇచ్చారు. మీ ఊరు ఎప్పుడు పుట్టింది, ఎలా పుట్టింది అని రాయాలి. కిల్డేర్ స్ట్రీట్ మ్యూజియంకి తీసుకెళ్లి వైకింగుల గది చూపించారు. అక్కడినుంచి తెచ్చుకున్న అంకెని మా అమ్మాయి నోట్‌బుక్ మొదటి పేజీలో పెద్దగా రాసుకుంది: 841. రాసి తలెత్తితే ఎదురుగా కిటికీలో సీసా.

ఆ రాత్రి అన్నం తింటూ అడిగింది. "నాన్నా, 1988కి వెయ్యేళ్లు నిండాయంటే ఊరు 988లో పుట్టినట్టు. మ్యూజియంలో 841 అన్నారు. మధ్యలో 147 ఏళ్లు ఎక్కడికి పోయాయి?"

నాకు తెలియదు. తొమ్మిదేళ్లుగా ఆ ఊళ్లో ఉంటున్నాను. నాకు తెలిసిన డబ్లిన్ అంటే నాలుగు బస్సు నంబర్లు, హోల్‌సేల్ మార్కెట్టు, కొట్టు, ఇల్లు. మర్నాడు మామ్మగారినే అడిగాను. ఆవిడ సీసా వైపు చూసి, పైట గుడ్డతో చేతులు తుడుచుకుంటున్నట్టు యాప్రాన్‌కి తడి చేతులు తుడుచుకుని, "ఇక్కడ కూర్చుని చెప్పేది కాదు. శనివారం నాతో రండి" అన్నారు.

శనివారం నది మీంచి చలిగాలి కొడుతోంది. మొదట డబ్లిన్ కోట వెనక తోటలోకి తీసుకెళ్లారు. గుండ్రటి పచ్చిక మైదానం, చుట్టూ బెంచీలు. ఒకప్పుడు అక్కడ మడుగు ఉండేదట. పాడిల్ అనే చిన్న ఏరు లిఫీ నదిలో కలిసేముందు అక్కడ నిలిచి నల్లగా కనిపించేది. ఐరిష్‌లో దువ్ లిన్ అంటే నల్లమడుగు. 841లో ఓడల మీద వచ్చిన నార్వే దొంగలు, అంటే వైకింగులు, ఈ చుట్టుపక్కలే మకాం వేసి, ఆ చలికాలం వెనక్కి వెళ్లకుండా ఇక్కడే ఉండిపోయారు. ఏరు ఇప్పుడు రోడ్ల కింద గొట్టాల్లో పారుతోంది. మడుగు పేరు మాత్రం ఊరికి మిగిలింది.

ఈ ఊరికి ఇంకో పేరుంది. రోడ్డు బోర్డుల మీద ఇంగ్లీషు పేరుకి పైన ఐరిష్‌లో రాసి ఉంటుంది. రోజూ చూస్తూనే ఉన్నాను, అర్థం ఎన్నడూ అడగలేదు. వైకింగులు రాకముందే నది లోతు తక్కువగా ఉన్నచోట బురదలో కాళ్లు దిగబడకుండా కొమ్మలతో అల్లిన చాపల్లాంటివి పరిచి దాటేవాళ్లట. ఆ దాటే చోటు పేరే ఊరి పేరైంది. కొమ్మలు ఎలా అల్లేవాళ్లో మామ్మగారు వేళ్లతో చూపించారు. నిలువు పుల్లలు, వాటి మధ్య ఒకటి ముందుకీ ఒకటి వెనక్కీ అడ్డ పుల్లలు. చూడగానే నాకు మాట దొరికింది. తడిక. నేనుంటున్న ఊరి పేరు తడికలరేవు. దివిసీమలో మా అమ్మమ్మ ఇంటికి వెదురు తడికలే గోడలు. ఏటా సంక్రాంతి ముందు తాతయ్య పాత తడికలు తీసేసి కొత్తవి కట్టేవాడు, నేను పక్కన కూర్చుని తాటినార అందించేవాణ్ణి.

వచ్చినవాళ్లు మంచివాళ్లేం కాదని మామ్మగారు దాచకుండా చెప్పారు. మఠాలు దోచారు, మనుషుల్ని పట్టుకెళ్లి బానిసలుగా అమ్మారు. డబ్లిన్ సంత పెరిగింది ఆ సరుకు మీదే. 902లో ఐరిష్ రాజులు వాళ్లని తరిమేశారు. 917లో మళ్లీ వచ్చారు, ఈసారి ఊరు కట్టుకుని నిలిచిపోయారు. వాళ్ల రాజు సిట్రిక్ 997 ప్రాంతంలో ఐర్లండులో మొట్టమొదటి నాణేలు కొట్టించాడు, 1030 ప్రాంతంలో క్రైస్ట్ చర్చి కట్టించాడు. అప్పటికి వాళ్లు ఇక్కడి అమ్మాయిల్ని పెళ్లాడి, ఇక్కడి భాష నేర్చి, సగం ఐరిష్ వాళ్లయిపోయారు. 1170లో నార్మన్లు ఊరు పట్టుకున్నాక వాళ్లు నది అవతలకి చేరారు. తూర్పువాళ్ల ఊరు అనే అర్థంలో ఆ పేట పేరు ఆక్స్‌మన్‌టౌన్‌గా నిలిచింది. మా కొట్టుకి బియ్యం బస్తాలు దింపే వ్యాను ఆ పేట మీదుగానే వస్తుంది.

క్రైస్ట్ చర్చి పక్కనుంచి వైన్‌టావర్న్ స్ట్రీట్ వాలుగా నదికి దిగుతుంది. చర్చి దగ్గర నేల మీద రాళ్లతో ఒక ఇంటి కొలత గీసి ఉంది. పదడుగుల్లో దాటిపోవచ్చు. మా అమ్మాయి ఆ గీతల మధ్య నిలబడి, "ఇంతేనా ఇల్లు?" అంది.

"ఇంతే," అన్నారు మామ్మగారు. "మధ్యలో పొయ్యి. అటూ ఇటూ ఎత్తుగా అరుగులు, వాటి మీదే కూర్చోవడం, పడుకోవడం. ఈ చివర ఒక ద్వారం, ఆ చివర ఒకటి. నాలుగు గుంజలు పైకప్పు మోసేవి. గోడలు హేజెల్ కొమ్మల అల్లిక, నీ భుజం దాకా వచ్చేవి. ఇదంతా పుస్తకంలో చదివి చెప్పడం లేదు. నా చేతుల్తో తీశాను."

1974లో నేషనల్ మ్యూజియంవాళ్లు పాట్రిక్ వాలెస్ ఆధ్వర్యంలో ఇక్కడ, వుడ్ కీ అనే చోట, తవ్వకాలు మొదలుపెట్టారు. ఆవిడ అప్పుడు కాలేజీలో చదువుతున్నారు. సెలవుల్లో రోజుకూలికి వచ్చి, బురదలో మోకాళ్ల మీద కూర్చుని చిన్న తాపీతో మట్టి గీకేవారు. నది పక్క నేల కావడంతో మట్టి ఎప్పుడూ తడే. గాలి చొరబడలేదు కాబట్టి ఏదీ కుళ్లలేదు. మామూలుగా తవ్వకాల్లో కుండపెంకులు, ఎముకలు దొరుకుతాయి. అక్కడ తోలుముక్కలు, హేజెల్ కాయల డొప్పలు, జింక కొమ్ముతో కోసిన దువ్వెనలు, పిల్లలాడుకున్న చెక్క పడవ దొరికాయి. దొడ్డికి వెళ్లి తుడుచుకున్న నాచు కూడా దొరికింది.

"అల్లిక బయటపడగానే పుల్లలు నిన్న కోసినట్టు లేత రంగులో ఉండేవి," అన్నారు. "గాలి తగిలితే కళ్లముందే నల్లబడిపోయేవి. వెయ్యేళ్ల క్రితం ఎవరో చేత్తో వంచిన వంపు అలాగే ఉండేది. బెరడు కూడా ఊడలేదు. నల్లబడేలోపు చూసింది ఇద్దరమే, వాడూ నేనూ అనిపించేది."

ఇంకో సంగతి చెప్పారు. ఇల్లు పాతబడితే పడగొట్టి దానిమీదే కొత్తది కట్టుకునేవాళ్లు. అలా ఇంటి మీద ఇల్లు, పొరలు పొరలుగా. పక్కనే ఫిషాంబుల్ స్ట్రీట్‌లో అలాంటివి 150 దాకా దొరికాయి. ఎన్నిసార్లు కట్టినా ఇంటికీ ఇంటికీ మధ్య హద్దు మాత్రం తరాల తరబడి కదల్లేదట. గట్టు తగాదాలు చూస్తూ పెరిగినవాణ్ణి, ఆ మాట దగ్గర చాలాసేపు ఆగిపోయాను. దోచుకోవడానికి వచ్చినవాళ్ల మనవలు పక్కవాడి పెరట్లోకి అంగుళం కూడా జరగలేదు.

అప్పటికి వాలు దిగి నది ఒడ్డుకి వచ్చాం. ఎదురుగా నగర పాలక సంస్థ కార్యాలయాలు. ఆ తలుపు లోపలికి నేను అంతకుముందు ఒకసారి వెళ్లాను, కొట్టు పని మీద. కింద ఏముండేదో అప్పుడు తెలియదు.

"ఆ ఇళ్లు ఇప్పుడు ఎక్కడున్నాయి?" అని మా అమ్మాయి అడిగింది.

మామ్మగారు చెయ్యెత్తి ఆ భవనాన్నే చూపించారు.

ఆ స్థలం డబ్లిన్ కార్పొరేషన్‌ది. ఆఫీసులు కట్టడానికి ఎప్పుడో కొని ఉంచుకుంది. కింద ఇంత ఊరు బయటపడ్డా ఆలోచన మార్చుకోలేదు. ఎఫ్.ఎక్స్. మార్టిన్ అనే ఆయన, మఠంలో సన్యాసి, విశ్వవిద్యాలయంలో చరిత్ర ప్రొఫెసరు, కోర్టుకెక్కాడు. 1978లో హైకోర్టు అది జాతీయ స్మారక చిహ్నమని తేల్చింది. ఆ సాయంత్రం తవ్వకాల్లో ఉన్నవాళ్లందరూ బురద బూట్లతోనే వీధిలో ఒకరినొకరు కావలించుకున్నారట. ఆ సంతోషం నిలవలేదు. స్మారక చిహ్నాన్నయినా సరే, ప్రభుత్వ పనుల శాఖ, స్థానిక సంస్థ కలిసి ఒప్పుకుంటే తొలగించవచ్చని అప్పటి చట్టంలో ఉండేది. ఇక్కడ స్థానిక సంస్థ అంటే ఆ కార్పొరేషనే.

1978 సెప్టెంబరులో ఇరవై వేలమంది ఊరేగింపుగా వచ్చారు. ఆ పోరాటంలో ఉన్న న్యాయవాది మేరీ రాబిన్సన్ తర్వాత దేశాధ్యక్షురాలయ్యారు. 1979 జూన్‌లో కవులు, కౌన్సిలర్లు, విద్యార్థులు స్థలంలోకి చొరబడి, అక్కడే పడుకుని, రోజుల తరబడి యంత్రాల్ని కదలనివ్వలేదు. మామ్మగారు రెండు రాత్రులు అక్కడే ఉన్నారు. ఆగింది ఆ కాసిని రోజులే. 1981కి తవ్వకం ముగించారు. తీయగలిగినంత తీశారు, మిగతా మట్టి లారీలకెక్కింది. మరో నాలుగైదేళ్లకి దాని మీద రాతి భవనాలు లేచాయి. పాత నగర గోడ ముక్క ఒకటి మాత్రం ఆ ఆఫీసుల అడుగు అంతస్తులో ఇప్పటికీ ఉంది, అడిగితే చూపిస్తారు.

"తర్వాత 1988 వచ్చింది," అన్నారు. "అదే కార్పొరేషన్ ఊరికి వెయ్యేళ్లని పండుగ చేసింది. ఏడాది పొడుగునా ఊరేగింపులు, ఉత్సవాలు. యాభై పెన్నీల ప్రత్యేక నాణెం వేశారు. ఒకరోజు పొద్దున్న తలుపు తీస్తే గడప మీద పాలసీసా, దాని మీద ఊరి ముద్ర. పాలు అయిపోయాక సీసా కడిగి మళ్లీ గడప మీద పెట్టాలి, పాలవాడు పట్టుకెళ్తాడు. నేను పెట్టలేదు. ఇంటింటికీ పుట్టినరోజు పాలు పంచినవాళ్లు, ఆ ఊరి ఇళ్లు మాత్రం లారీల్లో పంపేశారు. ఒక్క సాక్ష్యమైనా నా దగ్గర ఉండాలనిపించింది."

మా అమ్మాయి నోట్‌బుక్ తెరిచి పెన్ను పట్టుకుంది. దానికి కావలసిన జవాబు ఇంకా రాలేదు. "మరి 988లో ఏం జరిగింది? ఆ ఏడాది ఎవరు వచ్చి కట్టారు?"

"ఎవరూ ఏమీ కట్టలేదమ్మా. అప్పటికి ఊరు కట్టి డెబ్బై ఏళ్లు దాటింది. మాలకీ అనే ఐరిష్ రాజు వీళ్లని లొంగదీసుకున్నాడు. వైకింగు రాజు అతన్ని పెద్ద రాజుగా ఒప్పుకుని పన్ను చెల్లించాడు. వెయ్యేళ్లు లెక్కపెట్టింది అక్కడినుంచి. మరుసటి ఏడాది మాలకీ మళ్లీ వచ్చి ఇరవై రాత్రులు ఊరిని ముట్టడించాడు. లోపలివాళ్లకి తాగడానికి ఉప్పునీళ్లు తప్ప లేవు. ప్రతి ఇంటి పెరటికీ ఒక ఔన్సు బంగారం, ఏటా క్రిస్మస్ రాత్రి ఇచ్చుకునేలా ఒప్పించాకే కదిలాడు. పాత చరిత్రల్లో రాసి ఉంది."

మా అమ్మాయి పెన్ను ఆపి నా వైపు తిరిగింది. తెలుగులో అంది. "అయితే నాన్నా, అది ఊరు కట్టిన ఏడాది కాదు. పన్ను కట్టిన ఏడాది."

"ఏమంటోంది?" అన్నారు మామ్మగారు.

చెప్పబోయి ఆగాను. ఇంగ్లీషులో ఆ రెండు పనులకీ రెండు మాటలు. మా భాషలో తడిక కట్టినా, ఇల్లు కట్టినా, పన్ను కట్టినా ఒకటే మాట అని విడమర్చి చెప్పాను. ఆవిడ నవ్వలేదు. "కట్టు," అని రెండుసార్లు మెల్లగా పలికి చూసుకున్నారు.

మా అమ్మాయి అప్పటికే భవనం వైపు చూస్తోంది. "ముందు ఇక్కడ ఇళ్లు కట్టారు కదా నాన్నా. ఇప్పుడు ఇక్కడ ఏం కడతారు?"

నేను ఆ తలుపు తోసుకుని లోపలికి వెళ్లింది ఒక్కసారే. ఆ ఏడాది జనవరిలో, మా కొట్టు మీద పన్ను కట్టడానికి.