ఎనిమిదో చిరంజీవి

పుట్టినరోజు నాడు పాలల్లో నువ్వులూ బెల్లమూ కలిపి అరచేతిలో పోస్తూ మా తాతయ్య నా చేత చిరంజీవుల పేర్లు చెప్పించేవాడు. అశ్వత్థామ, బలి, వ్యాసుడు, హనుమంతుడు, విభీషణుడు, కృపుడు, పరశురాముడు. మొత్తం ఏడుగురు. మార్కండేయుణ్ణి ఎనిమిదోవాడిగా కలుపుకునే ఇళ్ళూ ఉన్నాయి గానీ మా ఇంట్లో ఆ అలవాటు లేదు. అందుకే ఆ ఎనిమిదో స్థానం ఇన్నాళ్ళూ ఖాళీగానే ఉండిపోయింది. మొన్న భర్తీ అయింది. నా కారు గేరు బాక్సులో పదకొండేళ్ళుగా కాపురముంటున్న రెండు లీటర్ల చిల్లర గేరాయిలే ఆ కొత్త చిరంజీవి.

ఈ మాట నాది కాదు. మెడకు టై, చేతిలో ట్యాబు ఉన్న సర్వీస్ అడ్వైజర్‌ది. “అది లైఫ్‌టైమ్ ఫిల్ సార్, మార్చక్కర్లేదు” అన్నాడు. మీకూ ఈపాటికి ఎవరో ఒకరు చెప్పే ఉంటారు. నిరుడంతా సిరామిక్ కోటింగ్ నడిచింది. అంతకుముందు టైర్లలో నైట్రోజన్ నడిచింది (మనం పీల్చే గాలిలో నూటికి 78 పాళ్ళు అదేనని ఎవరూ అడగలేదు). ఇప్పుడు లైఫ్‌టైమ్ నడుస్తోంది.

నేను వెళ్ళింది గేరాయిలు మార్పించడానికే. పొద్దున్నే బండి తీసి ఒకటి నుంచి రెండో గేరుకు మారుస్తుంటే కర్ర్‌మంటోంది, పళ్ళు లేని ముసలాయన జంతిక కొరుకుతున్నట్టు. నాలుగు కిలోమీటర్లు పోయాక సర్దుకుంటుంది. ఇది చెప్పాను. రాసుకున్నాడు. రాసుకున్నాక ఏసీ దుర్వాసన పోగొట్టే మందు, ఇంజన్ ఫ్లషింగ్, అండర్ బాడీ కోటింగ్, సీట్లకు షాంపూ చేయించుకోమన్నాడు. అన్నిటికీ ట్యాబులో గడులున్నాయి. గేరాయిలుకు లేదు.

“లైఫ్ అంటే ఎవరి లైఫ్ బాబూ?” అని అడిగాను. వయసులో మా అబ్బాయంత వాడు.

“బండి లైఫ్ సార్.”

“బండి లైఫ్ ఎంత?”

“అది మీరు వాడేదాన్ని బట్టి సార్.”

“గేరాయిలు మార్చకుండా వాడితే?”

ట్యాబు వైపు చూశాడు. పాపం, అది కూడా బిత్తరపోయినట్టే ఉంది.

ఎంత గొప్ప హామీయో గమనించారా? గేరు బాక్సు ఉన్నంతకాలం నూనె ఉంటుంది. గేరు బాక్సు పోయిననాడు దానితోపాటు నూనె ఆయుష్షూ తీరిపోతుంది. కాబట్టి ఏ రోజునా మాట తప్పినట్టు కాదు. పోయేదాకా ఉంటావు నాయనా అని చెప్పి దక్షిణ పుచ్చుకునే జ్యోతిష్యుణ్ణి నేనింతవరకూ చూడలేదు. వాళ్ళకైనా కాస్త సిగ్గుంటుంది.

ఈ ‘లైఫ్’ అనే మాటతో మనకు పాత పరిచయమే ఉంది. కారు కొన్ననాడే ఆర్టీఏకు లైఫ్ ట్యాక్స్ కట్టాం. అక్కడ కూడా లైఫే, కాకపోతే సర్కారుకు లెక్క తెలుసు. పదిహేనేళ్ళకు రిజిస్ట్రేషన్ తీరిపోతుంది. ఆపైన బండిని తీసుకెళ్ళి చూపించి, గ్రీన్ ట్యాక్స్ కట్టి పొడిగించుకోవాలి. ఆర్టీఏ ఆఫీసును నిజాయితీకి ఉదాహరణగా చూపించే రోజు వస్తుందని నేను అనుకోలేదు. కానీ చూడండి, వాళ్ళు కనీసం ఒక అంకె చెప్పారు.

అంతకంటే పెద్ద పాఠం సిమ్ముది. 2006 ప్రాంతంలో 999 రూపాయలు కట్టి లైఫ్‌టైమ్ ఇన్‌కమింగ్ తీసుకున్నవాళ్ళలో నేనొకణ్ణి. జీవితాంతం ఇక ఎవడూ నన్ను డబ్బులడగడని ఇంటిల్లిపాదికీ మిఠాయి పంచాను. తర్వాత తెలిసింది, అక్కడ లైఫ్ అంటే నాది కాదట, కంపెనీ లైసెన్సుదట. 2018 చివరికొచ్చేసరికి కొన్ని కంపెనీలు నెలనెలా కనీసం 35 రూపాయలు వేయించుకోకపోతే ఇన్‌కమింగ్ కూడా ఆపేస్తామన్నాయి. నేను బతికే ఉన్నాను. నా లైఫ్‌టైమ్ మాత్రం పోయింది.

హైదరాబాదులో మా బేగంపేట నడిబొడ్డున ఒక విమానాశ్రయం ఉంది. ప్రయాణికుల విమానాలు 2008 మార్చిలో శంషాబాదుకు తరలిపోయాయి. అప్పటిదాకా అదీ లైఫ్‌టైమేనని మా కాలనీ అంతా నమ్మింది. ఇప్పటికీ అక్కడ శిక్షణ విమానాలు, పెద్దవాళ్ళ విమానాలు లేస్తూ దిగుతూ ఉంటాయి. ఆ హ్యాంగర్లలో ఏ మెకానిక్ దగ్గరికైనా వెళ్ళి “ఇందులో లైఫ్‌టైమ్ ఆయిల్ పోశారా?” అని అడిగి చూడండి. గేటు దాకా సాగనంపుతారు. ఎన్ని గంటలు తిరిగింది, ఎప్పుడు మార్చాం అని లాగ్‌బుక్కులో రాయనిదే అక్కడ నూనె చుక్క కదలదు.

దూరం ఎందుకు, గేరు బాక్సులు తయారుచేసేవాళ్ళనే అడుగుదాం. జర్మనీలో జడ్ఎఫ్ అని పెద్ద కంపెనీ ఉంది. బీఎండబ్ల్యూల్లాంటి బళ్ళకు ఆటోమేటిక్ గేరు బాక్సులు చేసిస్తుంది. అవే పెట్టెలున్న కార్ల పుస్తకాల్లో లైఫ్‌టైమ్ అని రాసి ఉంటే, పెట్టె చేసినవాడు మాత్రం 80 వేల నుంచి లక్షా 20 వేల కిలోమీటర్లకో, ఎనిమిదేళ్ళకో మార్చమంటాడు. నాది మాన్యువల్, అది ఆటోమేటిక్, ఒప్పుకుంటాను. కానీ కన్నతల్లి ఒక మాట, మేనమామ ఒక మాట చెబితే బిడ్డ సంగతి ఎవరికి తెలుస్తుంది?

అబద్ధం నిలబడాలంటే ఒక కాలు నిజం మీద ఉండాలి. ఈ లైఫ్‌టైమ్‌కూ ఒక కాలు ఉంది. గేరు బాక్సులో మంట లేదు, మసి లేదు. అందుకే ఇంజన్ ఆయిలంత త్వరగా గేరాయిలు పాడవదు. అక్కడిదాకా నిజం. అక్కడినుంచి వినండి. కదులుతున్న సిటీ బస్సు ఎక్కాలంటే ముందు నాలుగడుగులు దానితోపాటు పరుగెత్తాలి కదా, గేరు మార్చిన ప్రతిసారీ సింక్రో రింగు చేసే పని అదే. చాలా బళ్ళలో అది ఇత్తడి రింగు. తను ఒరుసుకుని, తిరిగే గేరు వేగాన్ని సమం చేసి, అప్పుడు పళ్ళు కలవనిస్తుంది. ఒరుసుకున్నప్పుడల్లా కాస్త అరుగుతుంది. పళ్ళూ అరుగుతాయి. ఆ పొడి అంతా నూనెలోనే తిరుగుతుంది. ఇంజన్‌కు ఫిల్టరుంది. గేరు బాక్సుకు మామూలుగా అదీ ఉండదు. చాలా బళ్ళలో కింది నట్టుకు ఒక చిన్న అయస్కాంతం మాత్రం ఉంటుంది. అది ఇనుప పొడిని పట్టుకుంటుంది. ఇత్తడిని పట్టదు. పైగా పళ్ళ మధ్య నలిగి నలిగి నూనె చిక్కదనం తగ్గుతుంది, అందులో కలిపిన మందులు తరిగిపోతాయి.

ఇక మా రోడ్లు. ప్యారడైజ్ నుంచి గ్రీన్‌ల్యాండ్స్ దాకా సాయంత్రం ఆరింటికి ఎన్నిసార్లు గేరు మారుస్తానో ఒకరోజు లెక్కపెట్టాను. రసూల్‌పురా దాటకముందే అరవై అయింది, విసుగొచ్చి మానేశాను. బండితో ఇచ్చిన పుస్తకం వెనక పేజీల్లో ‘కఠిన పరిస్థితులు’ అని ఒక పట్టిక ఉంటుంది. దుమ్ము, ఎండ, ఆగి ఆగి కదిలే ట్రాఫిక్ ఉంటే అన్నీ ముందుగానే మార్చమంటుంది. అది కఠిన పరిస్థితి కాదయ్యా, అది మా చిరునామా.

వానాకాలం కలిపితే ఇంకో కథ. 2020 అక్టోబరు వానలకు నగరమంతటా సెల్లార్లలో కార్లు మునిగాయి. బేగంపేటలో నాలా పొంగడానికి అంత వాన కూడా అక్కర్లేదు. వేడి మీదున్న గేరు బాక్సు నీళ్ళలో దిగితే లోపలి గాలి చల్లబడి ముడుచుకుంటుంది, పైనున్న బ్రీతర్ గొట్టంలోంచి నీళ్ళు లాక్కుంటుంది. ఆ తర్వాత నట్టు విప్పితే వచ్చేది గేరాయిలు కాదు, ఇరానీ చాయ్. అదీ లైఫ్‌టైమేనా?

ఇక్కడితో వెటకారం చాలు. నాకు నిజంగానే కోపంగా ఉంది. లైఫ్‌టైమ్ అంటే అసలు అర్థం వారంటీ తీరేదాకా అని. అమ్మేటప్పుడు “మా బండికి ఖర్చు తక్కువ” అని ఒక గీత తక్కువ చూపించుకోవడానికి ఈ మాట పుట్టింది. మొదటి ఓనరు నాలుగేళ్ళకో ఐదేళ్ళకో అమ్మేస్తాడు, అతనికి ఏ చప్పుడూ వినపడదు. రెండో ఓనరుకు కాస్త వినపడుతుంది. మూడోవాడు అప్పు చేసి కొని క్యాబ్ నడుపుకునే మనిషి. గేరు బాక్సు దించే రోజు అతని వాకిట్లోకి వస్తుంది. రెండు లీటర్ల నూనె, రెండు వాషర్లు, ఒక గంట పనితో పోయేది, అతని నెల సంపాదనను మింగుతుంది. బండి షెడ్డులో ఉన్న పది రోజులూ కిస్తీ ఆగదు. ఎవరి లైఫ్ అని అడిగానే, అతనిది. ఈ పనికి ఒకే మాట ఉంది, మోసం. టై కట్టుకున్న పిల్లాడు చేసింది కాదు. వాడికి ఆ ట్యాబు ఇచ్చినవాళ్ళు చేసింది.

కనీసం విప్పి చూడమని బతిమాలాను. చూడ్డానికి పైన ఒక నట్టు విప్పి వేలు పెడితే చాలు. “సీల్డ్ యూనిట్ సార్” అన్నాడు. 1897 ఆగస్టు 20న రోనాల్డ్ రాస్ అనే ఆయన సికింద్రాబాదులో దోమ పొట్ట కోసి, అందులో మలేరియా క్రిమిని చూశాడు. ఆయన పేరు మీద కట్టడం ఇదే బేగంపేటలో ఇప్పటికీ ఉంది. నూట పాతికేళ్ళ క్రితం దోమను విప్పి చూసిన పేటలో ఇవాళ ఒక నట్టు విప్పడానికి మనిషి దొరకడు.

మరోపక్క మా అపార్ట్‌మెంట్ మేధావులు ఉన్నారు. “జీఎల్-4 గ్రేడు గేరాయిలు ఎందుకు, ఐదు పోయించండి, నాలుగు కన్నా ఐదు పెద్ద కదా!” ఎల్‌కేజీ కన్నా యూకేజీ పెద్ద అన్న లెక్క. జీఎల్-5 పుట్టింది వెనక యాక్సిల్ డిఫరెన్షియల్ లాంటి చోట్లకు. అందులో గంధకం, భాస్వరం మందులు దాదాపు రెట్టింపు. కొన్నిటిలో అవి ఇత్తడిని తినేస్తాయి. పైగా ఒరుసుకోవాల్సిన రింగు జారిపోతే గేరెలా పడుతుంది? పుస్తకం నాలుగంటే నాలుగు, ఐదంటే ఐదు, అంతే. ఇంకొకాయన 75డబ్ల్యూ అంటే మైనస్ 40 డిగ్రీల్లో కూడా రక్షణ అని డబ్బా మీద చదివి మురిసిపోయాడు. సంక్రాంతికి లడఖ్ వెళ్తున్నారేమో అనుకున్నాను. మెహదీపట్నం వెళ్తున్నారట.

చివరికి రసూల్‌పురా గల్లీలో మా పాత మెకానిక్ ఉస్తాద్ దగ్గరికే వెళ్ళాను. లైఫ్‌టైమ్ సంగతి చెబితే పానా పక్కన పెట్టి మరీ నవ్వాడు. “బక్రీద్ దాకా మేకకు కూడా లైఫ్‌టైమ్ గ్యారంటీయే సాబ్.” పుస్తకం తెరిచి గ్రేడు చూపించమన్నాడు. రాణీగంజ్‌లో తెలిసిన దుకాణం నుంచి సీలు చెదరని డబ్బాలు తెప్పించాడు, డూప్లికేటు భయం అతనికీ ఉంది. నూనె పలచబడాలని బండిని ఓ పావుగంట తిప్పుకొచ్చాడు. కింద తట్ట పెట్టి విప్పితే నల్లగా, కుళ్ళిన గుడ్డు వాసనతో దిగింది. తట్టను ఎండలోకి లాగి, “చూడండి సాబ్” అన్నాడు. నలుపు మీద సన్నని బంగారు రజను తళతళలాడుతోంది. అది నా రెండో గేరు సింక్రో రింగు. కొత్త వాషర్లు వేసి, గొట్టంతో పై కన్నంలోంచి చుక్కలు కారేదాకా నూనె ఎక్కించాడు. పాత నూనె ఎక్కడికి పోతుందని అడిగితే సెంట్రింగ్ చెక్కలకు పూసుకోవడానికి పట్టుకుపోతారన్నాడు. చిరంజీవికి పునర్జన్మ కూడా ఉందన్నమాట.

చప్పుడు సగం తగ్గింది. మిగతా సగం తగ్గదు. అరిగిపోయిన ఇత్తడి తిరిగిరాదు. ఐదేళ్ళ ముందు మార్పించి ఉంటే పూర్తిగా మిగిలేదని ఉస్తాద్ అన్నాడు. ఐదేళ్ళ ముందూ నేను అడిగాను, అప్పుడు “చూద్దాం సార్” అన్నారు.

మీలో ఎవరైనా రేపు గేరాయిలు మార్పించడానికి బయలుదేరితే ఒక్క మాట. కింది నట్టు విప్పేముందు పై నట్టు విప్పించండి. తుప్పు పట్టి పైది రాకపోతే అక్కడితో ఆపొచ్చు. కిందిది ముందు తీసి, పైది రాకపోతే, నూనె లేని బండిని తాడు కట్టి ఇంటికి లాక్కురావాలి.